ఎనిమిది పిన్నులకు రెండు కొలువులు

1974లో వచ్చిన ఇంటెల్ 8080 మైక్రోప్రాసెసర్‌ని ఒంటరిగా బోర్డు మీద పెడితే పనిచేయదు. క్లాకు కోసం 8224, కంట్రోల్ సిగ్నళ్ల కోసం 8228 అనే చిప్పులు పక్కన ఉండాలి. పైగా మూడు రకాల వోల్టేజీలు ఇవ్వాలి. 1976 నాటి 8085 ఆ రెండు చిప్పుల పనినీ తన లోపలే పెట్టుకుంది, 5 వోల్టులతో సరిపెట్టుకుంది. కానీ పిన్నులు మాత్రం అవే 40. కొత్త సిగ్నళ్లకు చోటెక్కడిది? అడ్రసు (మెమరీలో ఏ చోటో చెప్పే నంబరు) దగ్గర కోత పెట్టారు. 16 అడ్రసు లైన్లలో కింది ఎనిమిదీ, ఎనిమిది డేటా లైన్లూ ఒకే పిన్నుల మీద వంతులవారీగా నడుస్తాయి.

ముందు అడ్రసు, ఆ వెనకే డేటా. డేటా వచ్చేసరికి అడ్రసు పోతుంది కదా? అందుకే ఏఎల్ఈ (అడ్రస్ లాచ్ ఎనేబుల్) అనే పిన్ను ఉంది. ప్రతి మెషిన్ సైకిల్ (బయటి నుంచి ఒకసారి చదవడం లేదా బయటికి రాయడం) మొదటి క్లాకులో అది పైకి లేచి దిగుతుంది. దిగేటప్పుడు తీగల మీద ఏముంటే దాన్ని 74ఎల్ఎస్373 లాంటి లాచి పట్టి ఉంచుతుంది. పొదుపు కోసం చేసిన పనే అయినా, నా దృష్టిలో ఇది చాలా అందమైన సర్దుబాటు.

బయటి పరికరాలను తగిలించే ఒక పోర్టుకు బైటు పంపే 'అవుట్' ఆదేశాన్నే చూడండి. డీ3 అనే ఆప్‌కోడ్ (ఆదేశపు సంకేతం) తేవడానికి 4 క్లాకులు, పోర్టు నంబరు చదవడానికి 3, బైటును బయటికి రాయడానికి 3. మొత్తం 10. 3 మెగాహెర్ట్జ్ దగ్గర ఇది సుమారు 3.3 మైక్రోసెకన్లు. చివరి మూడింట్లో పోర్టు నంబరు పై ఎనిమిది లైన్ల మీద కూడా కనిపిస్తుంది. కాబట్టి దాన్ని లాచి లేకుండానే అక్కడి నుంచి అందుకోవచ్చు.

అవతలి వైపు తరచుగా ఉండేది 8255 అనే పోర్టుల చిప్పు. మూడు పోర్టులు, 24 లైన్లు. చదువుకునే రోజుల్లో దానికి ఎల్ఈడీలు తగిలించి, ప్రోగ్రాం నడిపి, ఒక్కటీ వెలగక సాయంత్రమంతా తీగలు పీకి పెట్టాను. తీగల్లో తప్పేమీ లేదు. రీసెట్ అయ్యాక 8255 పోర్టులన్నీ ఇన్‌పుట్‌లుగానే ఉంటాయి. అటువైపు ఏం తగిలించారో చిప్పుకి తెలియదు మరి. అక్కడ ఇంకో అవుట్‌పుట్ ఉంటే రెండూ ఒకే తీగ మీద కొట్టుకుంటాయి, ఏదో ఒకటి కాలిపోవచ్చు. అందుకే చెప్పేదాకా నోరు మూసుకుని వింటుంది. కంట్రోల్ రిజిస్టరులో 80హెచ్ (హెక్సాడెసిమల్‌లో 80) రాసి, మూడు పోర్టుల్నీ అవుట్‌పుట్‌లుగా మార్చాకే నా ఎల్ఈడీలు వెలిగాయి.