బెల్లం కొమ్ములు: అపోహలు - వాస్తవాలు

సంక్రాంతి దగ్గరపడే కొద్దీ నాకు వచ్చే ఫోన్లన్నీ దాదాపు ఒకలాగే ఉంటాయి. "కొరకబోతే పళ్లు కదులుతున్నాయండీ", "పొద్దున కరకరలాడాయి, సాయంత్రానికి మెత్తబడిపోయాయి", "పాకం చేతికి అంటుకుంటోంది, ఏం చేయమంటారు?" విజయవాడ సత్యనారాయణపురంలో ఇంటి దగ్గరే పిండివంటలు చేసి అమ్ముతుంటాను. పండగలకైనా, ఆడపిల్ల సారెకైనా ఎక్కువమంది అడిగేది బెల్లం కొమ్ములే, అంటే శనగపిండిని గొట్టంతో నూనెలోకి వత్తి వేయించి, బెల్లం పాకం పట్టించేవి. అవి చెడిపోవడానికి కారణం చాలావరకు ఒక్కటే: తేమ. పిండిలోనో, పాకంలోనో, డబ్బాలోనో ఎక్కడో ఒకచోట అది మిగిలిపోతుంది. జనం మాత్రం ముందు వంటసోడా గురించే అడుగుతారు కాబట్టి అక్కడే మొదలుపెడతాను.

అపోహ: సోడా వేస్తేనే గుల్లగా వస్తాయి.

గుల్లదనం ఇచ్చేది కాచిన నూనె. పొడిపిండిలో వేడి నూనె పోసి, కాస్త చల్లారాక రెండు చేతులతో బాగా రుద్దితే ఆ నూనె పిండి రేణువులకు పట్టుకుంటుంది. తర్వాత నీళ్లు పోసి కలిపినా పిండి మరీ బిగుసుకుపోదు. పిడికిట్లో నొక్కితే ముద్దగా నిలవాలి, వేలితో తడితే విడిపోవాలి. అప్పుడు నూనె సరిపోయినట్టు. నేను అరకిలో శనగపిండికి 100 గ్రాముల బియ్యప్పిండి, నాలుగు పెద్ద చెంచాల నూనె, చిటికెడు ఉప్పు వేస్తాను. సోడా ఎక్కువైతే కొమ్ము ఉబ్బి నూనె లాగేస్తుంది, పాకంలో కలిపేటప్పుడు విరిగిపోతుంది. పైగా నోట్లో ఆ సోడా రుచి మిగులుతుంది.

అపోహ: పిండి ఎంతసేపు నానితే అంత మంచిది.

మైదాతోనో గోధుమపిండితోనో చపాతీలా ఒత్తి, కమ్ముల్లా కోసి వేయించే రకానికి ఇది నిజమే. ఆ పిండిలో గ్లూటెన్ ఉంటుంది, ఒత్తగానే వెనక్కి ముడుచుకుంటుంది. అరగంట మూతపెట్టి ఉంచితే చెప్పినట్టు వింటుంది. శనగపిండిలో గ్లూటెన్ లేదు. నానబెడితే జిగురెక్కి గొట్టంలోంచి దిగడానికి మొరాయిస్తుంది, అంతే. పొడిపిండికి నూనె అంతా ఒకేసారి పట్టించుకుని, నీళ్లు మాత్రం వాయికి సరిపడా పోసుకుని కలుపుకోండి. జంతికల గొట్టంలో పిండిని గాలి లేకుండా అదిమిపెట్టాలి. లోపల గాలి చిక్కుకుంటే కొమ్ము నూనెలో పేలి చేతుల మీద చిందుతుంది. దయచేసి పిల్లల్ని ఆ చుట్టుపక్కలకు రానివ్వకండి.

అపోహ: రంగు వచ్చిందంటే వేగినట్టే.

ఎక్కువమందికి వంట చెడేది ఇక్కడే. రంగు పైపొరకు వస్తుంది, కొమ్ము లావుగా ఉంటుంది కాబట్టి లోపల తడి అలాగే ఉండిపోతుంది. మంట పెద్దదిగా పెట్టి వేయిస్తే పైన ఎర్రబడుతుంది, నడుమ పచ్చిగానే ఉంటుంది. మూకుట్లోంచి తీసినప్పుడు కరకరలాడిందే, ఆ తడి మెల్లగా పైకి పాకి సాయంత్రానికి మెత్తబడుతుంది. అలాగని మొదటినుంచీ సన్నమంట మీద పెడితే కొమ్ము నూనె పీల్చి విడిపోతుంది. నూనె బాగా కాగాక వత్తండి. ఒకటి రెండు నిమిషాల్లో కొమ్ములు గట్టిపడగానే అటూ ఇటూ తిప్పి, మంటను మధ్యస్థానికి తగ్గించండి.

ఇక చూడాల్సింది బుడగల్ని. మొదట నూనె కనపడనంత నురగ లేస్తుంది. అదంతా పిండిలోంచి ఆవిరై పోతున్న నీళ్లే. నురగ తగ్గి, కొమ్ముల అంచుల వెంట చిన్న చిన్న బుడగలే మిగులుతాయి. మూకుడు చప్పుడు కూడా సద్దుమణుగుతుంది. చిల్లుల గరిటెతో కదిపితే గలగలమంటాయి. అప్పుడు ఒకటి తీసి చల్లార్చి విరిచి చూడండి. నడుమ తడి గీత కనిపిస్తే ఇంకా వేగాలి. రంగు ముదిరిపోతుందని టెన్షన్ పడి ముందే తీసేవాళ్లు మంట ఇంకొంచెం తగ్గించుకోవాలి గానీ సమయం తగ్గించకూడదు.

అపోహ: తీగపాకం చాలు, కొమ్ములు వేడిగా ఉండగానే వేసేస్తే బాగా పీలుస్తాయి.

కాజా పాకం పీల్చాలి. కొమ్ము పీల్చకూడదు, పాకం దాని పైన పొరలా గట్టిపడాలి. అందుకే కొమ్ములు పూర్తిగా చల్లారాలి, పాకం ముదరాలి. పై కొలతకు 400 గ్రాముల బెల్లం సరిపోతుంది. మునిగీ మునగనంత నీళ్లు పోసి కరిగించి, ఇసుక లేకుండా వడగట్టి మళ్లీ పొయ్యి మీద పెట్టండి. చల్లటి నీళ్లున్న పళ్లెంలో ఒక చుక్క వేసి వేళ్లతో దగ్గరికి తీయండి. మెత్తటి ఉండ అయితే అరిసెలకు బాగుంటుంది, కొమ్ములకు చాలదు. ఇంకా ముదిరాక మళ్లీ చుక్క వేసి తీసిన ఉండను పళ్లానికేసి కొడితే టక్కుమనాలి. ఆ క్షణంలోనే పొయ్యి కట్టేసి, చెంచా నెయ్యి, యాలకుల పొడి, కొంచెం శొంఠి వేసి, కొమ్ములు పోసి, పాకం పొడిబారి విడివిడిగా అయ్యేదాకా ఆపకుండా కలపాలి. ఇద్దరుంటే మంచిది, ఆ కొద్ది నిమిషాల్లో ఫోన్ ఎత్తకండి.

బెల్లం రంగును బట్టి పాకం కుదురుతుందనుకోవడమూ పొరపాటే. మరీ తెల్లగా, పసుపుగా మెరిసేది శుభ్రమైనదని నమ్మకం లేదు, రంగు తేలడానికి హైడ్రోస్ లాంటి రసాయనాలు కలిపేవాళ్లున్నారు. కాళేశ్వరరావు మార్కెట్లో కొనేటప్పుడు నేను రంగు చూడను. "అరిసెలకు పాకం వచ్చే బెల్లం ఇవ్వండి" అని అడుగుతాను. చెమ్మగా, ఉప్పగా ఉన్న బెల్లం ఎంత కాచినా సరిగ్గా గట్టిపడదు. షుగర్ ఉన్నవాళ్లు బెల్లమే కదా అని తినేయడం మాత్రం వద్దు. బెల్లంలో అత్యధిక భాగం చక్కెరే.

మూకుట్లో మిగిలిన నూనె గురించి కూడా అడుగుతుంటారు. వడగడితే మళ్లీ మళ్లీ వాడుకోవచ్చనేది అపోహే. మరిగిన నూనెలో పేరుకునే పోలార్ సమ్మేళనాలు 25 శాతం దాటకూడదని కేంద్ర ఆహార భద్రతా సంస్థ ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ నిబంధన 2018 జులై నుంచి అమల్లో ఉంది. అవి వడగడితే పోవు. ఇంట్లో కొలవలేం గనక, నల్లబడినా, జిగురెక్కినా, ముందుకంటే త్వరగా పొగ వచ్చినా పారేయండి.

కొమ్ములు గోరువెచ్చగా ఉండగా మూత పెట్టకండి, లోపల ఆవిరి పడుతుంది. ఫ్రిజ్‌లో పెడితే నిలవ ఉంటాయన్నదీ తప్పే, బయటికి తీయగానే వాటి మీద చెమ్మ చేరుతుంది. బిగుతు మూత ఉన్న స్టీలు డబ్బా చాలు. రెండు వారాలు బాగుంటాయి, వానాకాలంలో అయితే ఇంకా ముందే అవగొట్టాలి.

పాకం లేతగా అయిపోయి కొమ్ములు అంటుకుంటున్నాయా? మళ్లీ నూనెలో వేయకండి, బెల్లం మాడిపోతుంది. వెడల్పాటి మూకుట్లో వాటినే పోసి, బాగా సన్నమంట మీద అడుగంటకుండా తిప్పుతూ ఉండండి. పాకంలో మిగిలిన నీరు పోయి గరిటెకు అంటడం తగ్గగానే పళ్లెంలో పరిచి ఫ్యాను కింద ఆరబెట్టండి.