పిల్లల సైటు: ఫోన్ లాక్కుంటే సరిపోదు

"ఫోన్ ముట్టనివ్వడం లేదు మేడమ్, అయినా సైటు ఎలా వచ్చింది?" పిల్లల కళ్లు పరీక్షించే నాకు ఈ ప్రశ్న తరచూ ఎదురవుతుంది.

అపోహ: సైటుకు కారణం ఫోనే, అది మాన్పిస్తే చాలు.

వాస్తవం: గంటల తరబడి ముఖానికి దగ్గరగా పెట్టుకుని చూసేది ఫోనైనా పుస్తకమైనా కంటికి మంచిది కాదు. అయితే అందరూ వదిలేస్తున్నది పగటి వెలుతురుని. లైట్లన్నీ వేసిన గదిలో కూడా వెలుతురు సాధారణంగా కొన్ని వందల లక్స్ (వెలుతురుని కొలిచే ప్రమాణం) మాత్రమే. ఆరుబయట చెట్టు నీడలోనే అది వేలల్లో ఉంటుంది, నడి ఎండలో లక్ష దాకా వెళ్తుంది. కన్ను సర్దుకుపోతుంది కాబట్టి ఆ తేడా మనకు తెలియదు. ఆ వెలుతురుకి కంటి వెనక ఉండే రెటీనా పొరలో డోపమైన్ అనే రసాయనం విడుదలై, కనుగుడ్డు అతిగా పొడవు పెరగకుండా (అలా పెరిగితేనే దూరంవి మసకబారి సైటు వస్తుంది) అదుపు చేస్తుందని పరిశోధకుల అంచనా. ఒకసారి పెరిగిన పొడవు మళ్లీ తగ్గదు. నా ఆత్రం అందుకే.

చైనాలోని గ్వాంగ్‌జౌలో కొన్ని బడుల్లో ఒకటో తరగతి పిల్లలకు రోజూ 40 నిమిషాలు అదనంగా ఆరుబయట క్లాసు పెట్టారు. మూడేళ్లలో వాళ్లలో 30 శాతం మందికి సైటు వచ్చింది, మిగతా బడుల్లో దాదాపు 40 శాతానికి. ఈ ఫలితాలు 2015లో వచ్చాయి. తైవాన్‌లోనైతే 2010 నుంచే బడి పిల్లలకు రోజుకు 120 నిమిషాలు బయట గడపమని చెబుతున్నారు.

ఒక తండ్రి ఫోన్ బీరువాలో పెట్టి, బాబుకి బోలెడు కథల పుస్తకాలు కొనిచ్చారు. వాడు సెలవులంతా టేబుల్ లైటు కిందే చదివాడు. అద్దాలు రాసిస్తుంటే ఆయన కళ్లు చెమర్చాయి. ఆయన తప్పేం లేదు, చెప్పినవాళ్లు సగమే చెప్పారు. "బయట ఏం ఆడించాలి మేడమ్?" అన్నారు. ఏమీ ఆడించక్కర్లేదు. నడిచినా, మట్టిలో కూర్చున్నా, నీడలో చీమల్ని చూస్తూ గడిపినా సరే. టోపీ పెట్టుకున్నా మేలు పోదు. సూర్యుడి వైపు నేరుగా మాత్రం చూడనివ్వకండి.

ఇక మిగతావి. అద్దాలు పెడితే పవర్ పెరుగుతుందనేది వట్టి పుకారు, తక్కువ పవర్ అద్దాలతో లాభమూ లేదు. బ్లూ లైట్ అద్దాలు సైటుని ఆపుతాయనడానికి ఆధారం లేదు. విటమిన్ ఎ లోపం లేని పిల్లకి ఎన్ని క్యారెట్లు పెట్టినా సైటు పోదు. ఇలాంటి ఫార్వర్డులు నమ్మి నెలలు పోగొట్టుకోకండి.

బయట గడపడం వల్ల ఎక్కువ మేలు సైటు రాకముందే. వచ్చేసిన పిల్లలకు పూర్తి పవర్ అద్దాలు, క్రమం తప్పని పరీక్షలు తప్పనిసరి. అమ్మానాన్నలిద్దరికీ సైటు ఉంటే పిల్లలకు వచ్చే అవకాశం ఎక్కువ. వాళ్లను బడిలో చేరకముందే ఒకసారి చూపించండి.