సాఫ్ట్‌వేర్ కొడితే అన్నీ సెట్ అవుతాయా? పాత ఫోన్లపై అపోహలు - వాస్తవాలు

కావలిలో మా షాపుకు పాత ఫోను తెచ్చేవాళ్లలో చాలామంది కంప్లైంట్ చెప్పకముందే "సాఫ్ట్‌వేర్ కొట్టేయన్నా, సరిపోద్ది" అంటారు. అంటే ఉన్న సాఫ్ట్‌వేర్ తుడిచి కొత్తగా ఎక్కించమని, దాన్నే ఫ్లాషింగ్ అంటాం. ఆ తొందరే ఎక్కువ ఫోన్లను పాడుచేస్తోంది.

అపోహ: లోగో దగ్గర ఆగిపోయిందంటే సాఫ్ట్‌వేర్ పోయినట్టే.

వాస్తవం: కొన్నిసార్లు నిజమే. కానీ పవర్ బటన్ లోపల ఇరుక్కున్నా, బ్యాటరీ వోల్టేజి నిలవకపోయినా ఫోను అలాగే ఆగి ఆగి రీస్టార్ట్ అవుతుంది. జువ్వలదిన్నె వైపు నుంచి, రొయ్యల గుంటల దగ్గర నుంచి వచ్చే ఫోన్లు విప్పితే చార్జింగ్ పిన్ను చుట్టూ పచ్చగా చిలుము పట్టి ఉంటుంది. ఉప్పుగాలి, తడి చేసే పని అది. దానికి ఫ్లాషింగ్ ఏం చేస్తుంది? ముందు బోర్డును ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌తో శుభ్రం చేసి, వేరే బ్యాటరీ పెట్టి చూడాలి. డేటా దాచే ఈఎంఎంసీ చిప్ అరిగిపోయిన ఫోన్లయితే మరీ మోసం చేస్తాయి. ఫ్లాష్ పూర్తయినట్టే చూపిస్తాయి, ఆన్ చేస్తే పాత డేటాతోనే లేస్తాయి. అక్కడ చిప్పే మార్చాలి.

అపోహ: మోడల్ పేరు కలిస్తే ఏ ఫైలైనా వేయొచ్చు.

వాస్తవం: ఒకే పేరుతో వేర్వేరు బోర్డులు వస్తాయి. చూడాల్సింది మోడల్ నంబరు. మీడియాటెక్ ప్రాసెసర్ ఉన్న ఫోనుకు వేరే ప్రీలోడర్ (ఫోనును మొదట లేపే చిన్న ప్రోగ్రాం) పడితే పూర్తిగా డెడ్ కావచ్చు. ఆ ఫోన్లను ఫ్లాష్ చేసే ఎస్పీ ఫ్లాష్ టూల్‌లో 'ఫార్మాట్ ఆల్' పెడితే నెట్‌వర్క్ వివరాలు దాచే ఎన్‌వీర్యామ్ భాగం తుడిచిపెట్టుకుపోతుంది, ఫోను గుర్తింపు నంబరైన ఐఎంఈఐ కనబడదు, సిగ్నల్ రాదు. బ్యాకప్ తీయకుండా దాని జోలికి పోవద్దు. పోయిన నంబరు బదులు వేరేది ఎక్కించడం నేరం. 2023 టెలికమ్యూనికేషన్స్ చట్టం ప్రకారం 3 ఏళ్ల వరకు జైలు, 50 లక్షల రూపాయల వరకు జరిమానా పడొచ్చు.

అపోహ: ఫ్లాష్ చేశాక ఫోటోలు రికవర్ చేసుకోవచ్చు.

వాస్తవం: ఆండ్రాయిడ్ 6తో మొదలై వచ్చిన చాలా ఫోన్లలో డేటా ఎన్‌క్రిప్ట్ అయి, అంటే తాళం వేసినట్టు ఉంటుంది. డేటా తుడిచేస్తే (వైప్) దాన్ని విప్పే కీ కూడా పోతుంది, ఇక ఏ సాఫ్ట్‌వేరూ ఫోటోలను తిరిగి తేలేదు. శాంసంగ్‌లో ఓడిన్ అనే ఫ్లాషింగ్ టూల్‌తో హోమ్ సీఎస్సీ ఫైలు (దేశం, నెట్‌వర్క్ సెట్టింగులు ఉండే ఫైలు) పెడితే మామూలుగా డేటా నిలుస్తుంది, ఉత్త సీఎస్సీ పెడితే పోతుంది. పిల్లల ఫోటోలు అందులోనే ఉన్నాయేమో అడగకుండా కేబుల్ పెట్టడం నా దృష్టిలో పెద్ద తప్పు.

అపోహ: రీసెట్ చేస్తే గూగుల్ లాక్ పోతుంది.

వాస్తవం: సెట్టింగ్స్‌లోకి వెళ్లకుండా బటన్లతో రీసెట్ చేస్తే పోదు, పాత గూగుల్ అకౌంటే అడుగుతుంది. 2015లో ఆండ్రాయిడ్ 5.1తో ఈ రక్షణ వచ్చిందే దొంగిలించిన ఫోన్లు వాడకుండా ఆపడం కోసం. సెకండ్‌హ్యాండ్ కొనేటప్పుడు అమ్మేవాళ్ల చేతే అకౌంట్ తీయించండి. *#06# నొక్కి, వచ్చిన నంబరును టెలికాం శాఖ పోర్టల్ సంచార్ సాథీలో చూశాకే డబ్బులివ్వండి.