ఆరేసిన చీరంత దేశం

చిన్నూ, బుజ్జీ,

మొన్న రాత్రి మీ బావతో వీడియో కాల్ మాట్లాడాం కదా. మన గోడగడియారంలో పది కొట్టింది. బావ హాస్టల్ కిటికీలోంచేమో ఎండ కనిపిస్తోంది. అక్కడ, రష్యాలోని కజాన్‌లో, సాయంత్రం ఏడున్నర. అప్పుడు బుజ్జి అడిగింది, "మరి రష్యా అంతటా ఇప్పుడు సాయంత్రమేనా తాతయ్యా?" అని. బావ నవ్వి ఏదో చెప్పబోయేలోగా సిగ్నల్ పోయింది. నేను రాసి పంపిస్తానన్నాను. ఇదిగో, రాస్తున్నాను.

అమ్మమ్మ పొద్దున్నే డాబా మీద చీర ఆరేస్తుంది, చూశారుగా. పిట్టగోడ మీద తూర్పు కొస నుంచి పడమటి కొస దాకా బారుగా పరుస్తుంది. పక్కింటివాళ్ళ వాటర్ ట్యాంకు వెనక నుంచి సూర్యుడు లేస్తాడు. ముందు తూర్పు కొస మీదే ఎండ పడుతుంది. పడమటి కొస ఇంకా నీడలోనే, తడితడిగా ఉంటుంది. చీర ఒకటే, ఒక కొసన తెల్లారింది, రెండో కొసన తెల్లారలేదు. రష్యా అలా ఆరేసిన చీర. మొత్తం 11 టైమ్ జోన్లు. మనం కాల్ మాట్లాడుతున్నప్పుడు తూర్పు చివర కమ్చాత్కాలో మర్నాడు తెల్లవారుజామున నాలుగున్నర. పడమటి చివర కలినిన్‌గ్రాద్‌లో ఇంకా ఆరున్నర, పిల్లలు ఆడుకునే వేళ. కాబట్టి బుజ్జీ, అంతటా సాయంత్రం కాదు. అంతటా ఒకే తారీఖు కూడా కాదు.

చీర దొరికింది కాబట్టి దాన్నే పట్టుకుని ఇంకాస్త చెప్తాను. చీరకి అందమంతా పైటకొంగులో ఉంటుంది కదా. రష్యాకి పడమటి వైపు అలాంటిది. మాస్కో, సెయింట్ పీటర్స్‌బర్గ్, బంగారు గుమ్మటాల చర్చిలు, పెద్ద పెద్ద థియేటర్లు అన్నీ అటే. పధ్నాలుగు కోట్ల పైచిలుకు జనంలో ముప్పాతిక మంది అక్కడే ఉంటారు. తర్వాత ఉరల్ పర్వతాలు, చీరలో చిన్న మడతలాగా. ఆ మడత దాటితే సైబీరియా, బుటాలు లేని వట్టి నేత. ఎంత దూరం పోయినా అడవే. మన దేశం లాంటివి ఐదు కలిపితే ఆ చీరంత అవుతుంది. కింది అంచున జరీపోగులా రైలు పట్టాలు. మాస్కోలో ఎక్కితే తూర్పు తీరాన ఉన్న వ్లదివస్తోక్‌లో దిగడానికి దాదాపు వారం, 9,288 కిలోమీటర్లు. 1891లో మొదలుపెట్టి 1916కి పూర్తిచేశారు. 2018 దాకా ఆ దారిలో స్టేషన్లన్నిటా మాస్కో టైమే నడిచింది. వ్లదివస్తోక్‌లో జనం సాయంత్రం టీ తాగుతుంటే స్టేషన్ గడియారం ఉదయం పది చూపించేది!

ఇంతవరకూ రాసింది అమ్మమ్మ నా భుజం మీదుగా చదివింది. "చీరకి రైలేమిటండీ, పిల్లలు నవ్వుతారు" అంది. నవ్వితే నవ్వనీ. కానీ ఉత్తరం అంచు గురించి చెప్పకుండా ఎలా? అటు వైపంతా గంజి ఎక్కువై కర్ర కట్టినట్టు బిగుసుకుపోయి ఉంటుంది. నేలే గడ్డకట్టి ఉంటుంది మరి. ఎండాకాలం పైపైన జానెడో మూరెడో కరుగుతుంది, లోపల అలాగే. దేశంలో సగానికి పైగా నేల ఇలాంటిదే. యాకూత్‌స్క్ అని ఒక ఊరుంది. అక్కడ మేడలన్నీ స్తంభాల మీద నిలబెట్టి, కింద గాలాడేట్టు కడతారు. ఇంటి వేడి నేలకి తగిలితే నేల కరిగి ఇల్లు కుంగిపోతుంది, అందుకని. మన లంబసింగిలో సున్నా డిగ్రీలంటేనే టీవీ వాళ్ళు పరుగెత్తుకొస్తారు. యాకూత్‌స్క్‌లో చలికాలం మైనస్ నలభై మామూలు మాట. బజారులో చేపలు కట్టెపుల్లల్లా బిగుసుకుపోయి బుట్టల్లో నిటారుగా నిలబడి ఉంటాయి. పాలు పళ్ళెంలా గడ్డకట్టించి అమ్ముతారు. బిళ్ళ పాలు అంటే మీ పాలబ్బాయి నమ్ముతాడా, అడగండి.

నాకు ఈ దేశం మీ బావ వల్ల తెలిసింది కాదు. మా చిన్నప్పుడు మా ఊరికి విశాలాంధ్ర వాళ్ళ పుస్తకాల వ్యాను వచ్చేది. అప్పట్లో అది సోవియట్ యూనియన్, ఇంకా పెద్దది. 1991లో పదిహేను దేశాలుగా విడిపోయింది. మాస్కోలో అచ్చేసిన తెలుగు పుస్తకాలు, నున్నటి కాగితం, నిండా రంగుల బొమ్మలు, ఒకటీ రెండు రూపాయలకే. పుస్తకం తెరిచి ముందు వాసన చూసేవాణ్ణి. ఆ కథల్లో ముసలివాళ్ళు పొయ్యి మీద పడుకునేవాళ్ళు. పొయ్యి మీద పడుకోవడమేమిటో నాకు అర్థమయ్యేది కాదు. ఒక సంక్రాంతి చలిలో నేనూ చూద్దామని, పొయ్యి ఆరిపోయాక గట్టెక్కి పడుకున్నాను. కొత్త చొక్కా అంతా మసి. మా అమ్మ చీపురుకట్ట అందుకుంది. ఆ పొయ్యి మన పొయ్యి లాంటిది కాదని చాలా ఏళ్ళకి తెలిసింది. ఇటుకలతో గదిలో పావు వంతు ఉండేలా కడతారు. పొగ తిన్నగా బయటికి పోకుండా లోపల మెలికలు తిరిగి పోతుంది, ఇటుకలు ఆ వేడిని తాగుతాయి. ఒకసారి కట్టెలు వేస్తే రాత్రంతా వెచ్చగా ఉంటుంది. రొట్టె అందులోనే, గంజి అందులోనే, పైన అరుగు మీద తాతలకీ పిల్లలకీ పడక. చీపురుదెబ్బలు తిన్నది పుస్తకం సరిగ్గా చదవనందుకే అనుకోండి.

మీ బావ మొదట్లో "అక్కడ ఎవరూ నవ్వరు తాతయ్యా" అని దిగులుపడ్డాడు. నిజమే, తెలియనివాళ్ళని చూసి ఊరికే నవ్వడం వాళ్ళకి అలవాటు లేదు. అంతమాత్రాన కోపిష్ఠివాళ్ళని తేల్చేయకూడదు. ఒకసారి ఇంట్లోకి పిలిచారంటే ఇక పెట్టడం ఆపరు. చాయ్ మీద చాయ్, పక్కన పళ్ళ జామ్. వాళ్ళూ చాయ్ అనే అంటారు! గడపకి అటూ ఇటూ నిలబడి వస్తువులు అందుకోరు, మన అమ్మమ్మలాగే. ప్రయాణానికి బయల్దేరేముందు అందరూ సామాన్లు పక్కన పెట్టి నిమిషంసేపు మాట్లాడకుండా కూర్చుంటారు. ఎవరైనా తుమ్మితే "కాసేపు కూర్చుని వెళ్ళరా" అంటాం కదా మనం, వాళ్ళకి తుమ్ము కూడా అక్కర్లేదు. పెద్దవాళ్ళని పిలవాలంటే పేరు పక్కన తండ్రి పేరు చేరుస్తారు, మన 'గారు' లాగా. మీ నాన్న శేఖర్ కాబట్టి, అక్కడైతే చిన్నూ పెద్దయ్యాక శేఖరోవిచ్, బుజ్జి శేఖరోవ్నా.

అలాగని దేశమంతా రష్యన్లే అనుకోకండి. నూట తొంభైకి పైగా జాతులవాళ్ళున్నారు. బావ ఉండే కజాన్ తాతార్ల ఊరు. అక్కడి క్రెమ్లిన్‌లో మసీదూ చర్చీ ఒకే ప్రహరీలో ఉన్నాయి. క్రెమ్లిన్ అంటే కోట, మాస్కోలో ఒక్కటే కాదు.

రష్యావాళ్ళకీ మనకీ పరిచయం కొత్తదేం కాదు. పదిహేనో శతాబ్దంలో అఫనాసీ నికీతిన్ అనే వర్తకుడు ఒక గుర్రాన్ని అమ్ముకుందామని బీదరు దాకా వచ్చాడు. అక్కణ్ణుంచి శివరాత్రికి 'పర్వతం' అనే చోటికి వెళ్ళానని రాసుకున్నాడు. అది మన శ్రీశైలమేనని చరిత్రకారులు అంటారు. ఆ జనసందోహంలో ఆయన ఎంత తెల్లబోయి ఉంటాడో! పాపం, సొంతూరు త్వేర్ చేరకుండానే దారిలో పోయాడు.

చిన్నూ, ఉక్రెయిన్ యుద్ధం గురించి నువ్వు అడిగిందానికి జవాబు బాకీ ఉన్నాను. 2022లో రష్యా తన పొరుగుదేశం ఉక్రెయిన్ మీదికి పెద్ద సైన్యంతో వెళ్ళింది. ఎంతోమంది చనిపోయారు. దీన్ని చీరతోనో పొయ్యితోనో పోల్చి చెప్పడం నాకు చేతకాదు. మీరొచ్చినప్పుడు పక్కన కూర్చుని మాట్లాడుకుందాం.

బైకాల్ సరస్సుని చీరలో ఎక్కడ పెట్టాలో కూడా తోచలేదు. చిరుగు అందామంటే అమ్మమ్మ ఊరుకోదు. 1,642 మీటర్ల లోతు. ప్రపంచంలో నదులూ చెరువులూ కలిపి గడ్డకట్టని మంచినీళ్ళు ఎన్నున్నాయో అందులో అయిదో వంతు ఆ ఒక్క సరస్సులో ఉన్నాయి. చలికాలం దాని మీద కార్లు నడుస్తాయి. కొన్నిచోట్ల మంచు అద్దంలా ఉంటుంది, వంగి చూస్తే కాళ్ళకింద పగుళ్ళు తెల్లటి దారాల్లా లోపలికి దిగుతూ కనిపిస్తాయి, వాటి కింద నల్లటి నీళ్ళు. నేను ఫొటోలోనే చూశాను. ఇంకేం చెప్పను, బావని అక్కడికి వెళ్ళి ఫోన్ చేయమనండి.

ఇప్పుడొక పని. మీ టీవీ పక్కన దుమ్ము పట్టిన గ్లోబు ఉంది, తుడవండి. అమ్మ కుట్టుపెట్టెలోంచి దారం తీసుకోండి. ఒక కొస మాస్కో మీద, ఇంకో కొస వ్లదివస్తోక్ మీద పెట్టి బిగుతుగా పట్టి కత్తిరించండి. మాస్కో కొసని కదపకుండా రెండో కొసని మెల్లగా మన హైదరాబాదు వైపు తిప్పండి. గోడ మీది మ్యాపు మీద మాత్రం చేయకండి, అది సరిగ్గా చెప్పదు. దారం హైదరాబాదు దాకా వచ్చిందో, చాలలేదో, ఇంకా మిగిలిందో ఆదివారం ఫోన్ చేసినప్పుడు చెప్పండి.

ఉంటాను,
మీ తాతయ్య