పేరు తల్లిదండ్రులది, పలుకు ఎవరిది?

జపాన్‌లో పిల్లల పేర్ల గొడవ మళ్లీ రాజుకుంది. 2025 మే 26న అమల్లోకి వచ్చిన సవరణ ప్రకారం కుటుంబ రిజిస్టరులో పేరును కాంజీ (చైనా నుంచి వచ్చిన, అర్థాన్ని సూచించే) అక్షరాల్లో రాస్తే చాలదు, పలికే తీరును కనా అనే ధ్వనుల లిపిలో నమోదు చేయాలి. ఆ పలుకు ఆ అక్షరాలకు సాధారణంగా చెల్లేదై ఉండాలి. గురి ‘కిరాకిరా’ పేర్ల మీదే, అంటే తళుకుబెళుకుల పేర్ల మీద. వెలుగు, అంతరిక్షం అనే అర్థాల అక్షరాలు రాసి ‘పికాచు’ అని పిలుచుకోవడం ఈ కోవలోదే. రాసింది రాసినట్టే చదివే మనకు ఇది వింతే గానీ, కాంజీలో ఒక్కో అక్షరానికి పలు ఉచ్చారణలుంటాయి.

దీనికంతటికీ మూలం 1993 ఆగస్టులో టోక్యో పరిధిలోని అకిషిమాలో ఉంది. ఒక జంట తమ కొడుక్కి ‘అకుమా’, అంటే దయ్యం, అని పేరు పెట్టి పత్రం ఇచ్చింది. రెండు అక్షరాలూ పేర్లకు ప్రభుత్వం అనుమతించిన కాంజీ జాబితాలోనివే. ఒకసారి వింటే ఎవరూ మరచిపోని పేరు కావాలన్నది తండ్రి వాదన. పత్రం తీసుకున్న నగర కార్యాలయం, న్యాయశాఖ మాట విని వెనక్కి తగ్గింది. 1994 జనవరిలో కుటుంబ న్యాయస్థానం హచియోజి శాఖ ఇద్దరికీ మొట్టికాయ వేసింది: ఇది పేరు పెట్టే హక్కును దుర్వినియోగం చేయడమే, అయినా స్వీకరించిన పత్రాన్ని కార్యాలయం తనంతట తాను కొట్టివేయడం చెల్లదు. చివరికి తల్లిదండ్రులే వేరే పేరు ఇచ్చారు. హక్కుకు హద్దు ఉందని తేలింది గానీ ఆ గీత ఎక్కడో తేలలేదు.

తర్వాత ప్రభుత్వం అక్షరాల లెక్కలోనే పడింది. 2004లో పేర్లకు పనికొచ్చే కాంజీని భారీగా పెంచే ముసాయిదాలో శవం, శాపం, మలం అనే అర్థాల అక్షరాలూ దూరాయి. జనం మండిపడ్డాక తీసేశారు. పలుకు జోలికి మాత్రం ఎవరూ పోలేదు.

ఇప్పుడు ప్రభుత్వం చెప్పే కారణం కంప్యూటర్లలో వెతుకులాట సులువు కావడం, పిల్లలు నవ్వులపాలు కాకపోవడం. తల్లిదండ్రుల పక్షానికి చరిత్ర బలం ఉంది. 12వ శతాబ్దంలో కామాకురా సమురాయ్ పాలనకు ఆద్యుడైన యోరితోమో పేరులోని ‘తోమో’ అక్షరాన్ని మామూలుగా ‘అసా’ అనో ‘చో’ అనో చదువుతారు. జర్మనీలో చదివిన రచయిత మోరి ఓగై తన పిల్లలకు ఓతో, మారి, అన్ను అని యూరోపు పేర్లను కాంజీలో ఒదిగించి పెట్టారు. ‘యువరాజు’ అనే అర్థమున్న పేరుతో విసిగిన ఓ 18 ఏళ్ల కుర్రవాడు 2019లో కుటుంబ న్యాయస్థానం అనుమతితోనే దాన్ని మార్చుకున్నాడు. అంటే పాత చట్టంలోనూ దారి ఉంది.

వాడుకలో ఉన్న పలుకును రుజువు చూపి నిలుపుకోవచ్చు. కనుక అసలు దెబ్బ కొత్తగా పుట్టేవారికే. విచిత్రమేమంటే ‘అకుమా’ పలుకు ఆ అక్షరాలకు సరైనదే. కొత్త పలుకు నిబంధన దాన్ని ఆపలేదు. ఉన్న పేర్లకు పలుకు తెలియజేసే గడువును 2026 మే 25గా పెట్టారు. కొత్త పేర్లలో అనుమానం వస్తే తల్లిదండ్రులు రాతపూర్వకంగా వివరణ ఇవ్వాలి, గుమాస్తా న్యాయ వ్యవహారాల కార్యాలయాన్ని అడగాలి.