దంజూరో ఇంటి పద్దెనిమిది నాటకాలు

జపాన్‌లో ఎవరైనా తమకు బాగా వచ్చిన పాట ఎత్తుకుంటే అది వాళ్ల ‘ఒహాకో’ అంటారు. రాసేటప్పుడు ఆ మాటను పద్దెనిమిది అంకెతో రాస్తారు. ఆ అంకె ఇచికావా దంజూరో కుటుంబం నుంచి వచ్చిందని చాలామంది చెబుతారు. వాళ్లు జపాన్ సంప్రదాయ నాటకమైన కబుకి నటులు, దంజూరో అన్నది ఆ ఇంట్లో తరం నుంచి తరానికి అందే రంగస్థల నామం.

1832లో ఏడో దంజూరో ఇంకా పిల్లవాడైన తన పెద్ద కొడుక్కి ఆ పేరు అప్పగిస్తూ, తమ ఇంటి నాటకాలు ఇవీ అని పద్దెనిమిది పేర్లు ప్రకటించాడు. నా దృష్టిలో అది పిల్లవాడి భుజాల మీద వంశం బరువు పెట్టిన తండ్రి ప్రకటన. వాటిలో చాలావరకు మొహానికి ఎర్ర గీతలు దిద్దుకుని, గొంతెత్తి, పెద్ద పెద్ద భంగిమలతో ఆడే ‘అరగోతో’ నాటకాలు. ఆ శైలికి ఆద్యుడు మొదటి దంజూరో. 1704లో తోటి నటుడొకడు అతన్ని కత్తితో పొడిచి చంపాడు.

జాబితాలోని ‘కంజించో’ను ఏడో దంజూరో 1840లో కొత్తగా కట్టాడు. సమురాయ్‌లు ఆదరించే, కబుకి కన్నా పాతదైన నోహ్ నాటకం నుంచి కథ తీసుకుని, నోహ్ వేదిక మీదలాగే వెనక పైన్ చెట్టు బొమ్మ పెట్టించాడు. యజమానిని కావలి దాటించడానికి నమ్మిన బంటు బెంకే ఖాళీ కాగితపు చుట్ట విప్పి, అందులో గుడి కోసం చందాలు అడిగే విన్నపం ఉన్నట్టే గడగడా చదివేస్తాడు. ఎన్నిసార్లు చూసినా ఆ చోట ఊపిరి బిగబట్టాల్సిందే. రెండేళ్లకు, ఆడంబరం ఎక్కువైందని ప్రభుత్వం ఏడో దంజూరోను ఎడో నగరం (నేటి టోక్యో) నుంచి వెళ్లగొట్టింది.

1903లో తొమ్మిదో దంజూరో పోయాక ఆ పేరు 1962 దాకా బతికున్న ఏ నటుడికీ దక్కలేదు. తొమ్మిదో దంజూరో పోయేనాటికే చాలా నాటకాలు ఆడేవాళ్లు లేక పేర్లుగా మిగిలాయి. ‘కెనుకి’ని 1909లో, ‘నరుకామి’ని 1910లో మళ్లీ వేదికెక్కించినవాడు ఆ ఇంటివాడు కాదు, రెండో సదాంజీ. మరికొన్నిటిని బతికించింది తొమ్మిదో దంజూరో అల్లుడు సంషో. పెద్దయ్యాక, బ్యాంకు ఉద్యోగం వదిలి నాటకాల్లోకి వచ్చాడు. నటుడిగా పెద్ద పేరు రాలేదు కానీ పాత నాటకాల కోసం జీవితమంతా పాటుపడ్డాడు. 1956లో చనిపోయాకే పదో దంజూరో అనిపించుకున్నాడు. ఇంటి ఆస్తిని ఇంటి బయటివాళ్లే కాపాడారన్న సంగతి ఇంకా గట్టిగా చెప్పుకోవాలి.

2022 నవంబరులో టోక్యోలోని కబుకిజా నాటకశాలలో పదమూడో దంజూరో ఆ పేరు స్వీకరించాడు. అప్పుడే తొమ్మిదేళ్ల కొడుకు షిన్నోసుకే ‘ఉయిరో ఉరి’లో మందుల వ్యాపారి చెప్పే, నాలుక తిరగని పొడవాటి మాటలన్నీ అప్పజెప్పాడు. ఆ నాటకాన్నీ సంషోయే తిరిగి వేదికెక్కించాడు.