ఆ మాట మొదట ఎవరి కోసం పుట్టింది?

చైతన్య స్రవంతి, అంటే పాత్ర మనసులో ఆలోచనలు పారే తీరులోనే కథ చెప్పే పద్ధతి, అనగానే మనకు జేమ్స్ జాయిస్ గుర్తొస్తాడు, లేదంటే వర్జీనియా వుల్ఫ్. తెలుగులో అయితే 1969లో వచ్చిన నవీన్ ‘అంపశయ్య’. కానీ ఇంగ్లీషు నవల విషయంలో ఆ మాటను ముందుగా వాడింది డొరతీ రిచర్డ్‌సన్ కోసం. ఆ పేరు మనలో చాలామంది విని ఉండరు. నాకది బాధగా ఉంటుంది.

1918 ఏప్రిల్‌లో రచయిత్రి మే సింక్లెయిర్ ‘ది ఈగోయిస్ట్’ పత్రికలో రిచర్డ్‌సన్ మొదటి మూడు నవలల గురించి రాసింది. ఇందులో నాటకం లేదు, ఏమీ జరగదు, బతుకు అలా సాగుతూ పోతుందంతే అన్నది. మెచ్చుకుంటూనే అన్నది. మనస్తత్వశాస్త్రంలో విలియం జేమ్స్ ప్రచారంలోకి తెచ్చిన మాటను నవలకు అంటించింది. రిచర్డ్‌సన్‌కు మాత్రం ఆ మాట ఎప్పుడూ నచ్చలేదు.

ఆమె 1873లో అబింగ్డన్‌లో పుట్టింది. ఉన్న కుటుంబమే, కానీ తండ్రి దివాలా తీశాడు. 17 ఏళ్లకే జర్మనీలోని హానోవర్‌కు టీచరుగా వెళ్లింది. 1895లో హేస్టింగ్స్‌లో తల్లి ఆత్మహత్య చేసుకుంది. ఆ రోజుల్లో తల్లిని కనిపెట్టుకుని ఉన్నది డొరతీయే. తర్వాత లండన్ హార్లీ స్ట్రీట్‌లో పళ్ల డాక్టర్ల దగ్గర సహాయకురాలి ఉద్యోగం, వారానికి ఒక్క పౌను జీతం, బ్లూమ్స్‌బరీలో ఒక అటక గది.

ఈ జీవితాన్నే మిరియమ్ హెండర్సన్ అనే అమ్మాయి కథగా 13 పుస్తకాల్లో రాసింది. మొత్తానికి పేరు ‘పిల్‌గ్రిమేజ్’. మొదటిది, ‘పాయింటెడ్ రూఫ్స్’, 1915లో వచ్చింది. జాయిస్ ‘యులిసిస్’ పుస్తకంగా రావడానికి ఇంకా ఏడేళ్లుంది.

ఆ మొదటి పేజీ చూడండి. మార్చి నెల సాయంత్రం. మిరియమ్ మెట్లెక్కి చీకటి పడుతున్న పై గదిలోకి వెళ్తుంది. మర్నాటి ప్రయాణానికి కొన్న కొత్త ట్రంకు పెట్టె నిప్పు వెలుగులో మెరుస్తూ ఉంటుంది. ఆమె ఎవరో, ఎక్కడికి వెళ్తోందో, ఎందుకో రచయిత్రి కూర్చోబెట్టి చెప్పదు. మిరియమ్‌కు తట్టినప్పుడే మనకూ తెలుస్తుంది. ఆమె చూడనిది మనకూ కనపడదు. 13 పుస్తకాల్లోనూ ఇదే పట్టు. 1917 నాటి ‘హనీకోమ్’ చివర తల్లి చావు వస్తుంది, కానీ అది నేరుగా ఎక్కడా చెప్పదు. మిరియమ్ మనసు ఆ దృశ్యం దగ్గరికి పోలేదు కాబట్టి వాక్యాలూ పోవు. ఆ పేజీలు చదివాక చాలాసేపు పుస్తకం పక్కన పెట్టేశాను.

ఇలా ఎందుకు రాసిందో ‘పిల్‌గ్రిమేజ్’ 1938 ముద్రణ ముందుమాటలో చెప్పుకుంది. మగవాళ్ల వాస్తవికతకు సమానంగా ఆడవాళ్ల వాస్తవికత ఒకటి వెతికానన్నది. కామాలు, ఫుల్‌స్టాపులు అడ్డం పడకుండా స్త్రీ వచనం సాగిపోవాలన్నది. వుల్ఫ్ 1923లోనే దీన్ని గుర్తించింది. స్త్రీ మనసుకు సరిపడే వాక్యాన్ని ఈమె కనిపెట్టిందని రాసింది.

మరి ఎందుకు మరుగున పడింది? 1919లో ‘లిటిల్ రివ్యూ’ పత్రికలో ఆమె ‘ఇంటెరిమ్’, జాయిస్ ‘యులిసిస్’ పక్కపక్కనే సీరియల్‌గా వచ్చాయి. ‘యులిసిస్’ వేసినందుకు పత్రిక సంపాదకుల మీద కేసు పడింది, జాయిస్ పేరు మోగిపోయింది. ఈమె పుస్తకాలు మాత్రం కొద్దికొద్దిగా అమ్ముడయ్యాయి. 1938లో 12 పుస్తకాలను నాలుగు సంపుటాలుగా వేస్తే, కథ అయిపోయిందనుకున్నారు జనం. మరుసటి ఏడాదే యుద్ధం. 1957లో ఆమె చనిపోయింది. పదమూడోది ‘మార్చ్ మూన్‌లైట్’ 1967లో గానీ అచ్చు కాలేదు. 1979లో స్త్రీల రచనలు ప్రచురించే విరాగో సంస్థ మళ్లీ అన్నీ వేసింది.

చదవాలనుకుంటే ‘పాయింటెడ్ రూఫ్స్’తోనే మొదలుపెట్టండి, చిన్న పుస్తకమే. రచయిత పోయిన 60 ఏళ్లకు మన దేశంలో కాపీరైట్ తీరిపోతుంది కాబట్టి, దాన్ని తెలుగులోకి తేవాలనుకునేవాళ్లు ఎవరి అనుమతీ అడగక్కర్లేదు.